బదిలీకి అడ్డుపడిన అత్తగారు

ఆ పొద్దున నీటిపన్నుల ఆఫీసు గుమాస్తా వేసుకున్న పథకం చిన్నదే. కోర్టుకు వెళ్లడం, బదిలీ మీద స్టే తెచ్చుకోవడం, ఇంటికొచ్చి భోంచేసి ఓ కునుకు తీయడం. అతన్ని కొండ మీది ఊరికి వేశారు. కొండంటే అతనికి భయం లేదు, చలంటే అంతకన్నా లేదు. భార్య మాత్రం తన కుట్టు దుకాణం మూసి రానని తేల్చేసింది. అంటే అక్కడ తన వంట తనే చేసుకోవాలి. అతను పుట్టి బుద్ధెరిగాక పొయ్యి వెలిగించి ఎరగడు.

వకీలు అంతా విని పెదవి విరిచాడు. వంట రాదని చెబితే కేసు నిలవదన్నాడు. తనకూ రాదట, జడ్జిగారికీ రాదట.

"ఇంట్లో మంచాన పడ్డవాళ్లు ఎవరైనా ఉన్నారా?"

"లేరండీ. మా అత్తగారు చూసిపోదామని వచ్చారు. రేపు వెళ్లిపోతారు."

"వెళ్లనివ్వకండి," అన్నాడు వకీలు, కలం మూత తీస్తూ.

అత్తగారు మంచం దిగలేదని, కూతురికి దుకాణంతోనే సరిపోతుందని, జావ కాచి చెంచాతో పట్టేది అల్లుడేనని, అతని చేత్తో తప్ప ఆవిడ చుక్క కూడా మింగదని అఫిడవిట్లో రాసేశాడు. గుమాస్తా చదవకుండా సంతకం పెట్టాడు. ఆఫీసులో రోజూ చేసే పనే కదా.

స్టే వచ్చింది. దాని వెనకాలే, ఇదంతా శుద్ధ అబద్ధమని ప్రభుత్వ వకీలు అడ్డం తిరగడంతో, ఒక అధికారి ఇంటికే వచ్చి చూస్తాడన్న కబురూ వచ్చింది.

అత్తగారు గ్యాస్ బండను ఒంటిచేత్తో మేడెక్కించే మనిషి. సంగతి వినగానే అగ్గి మీద గుగ్గిలమైంది. బతికుండగానే పాడె కడతారా అని అల్లుణ్ని దులిపేసింది. కూతురు బతిమాలితే చివరికి అల్లుడి మంచమే ఎక్కి, అల్లుడి దుప్పటే కప్పుకుని మూలగసాగింది. మొదలుపెట్టాక బాగానే మూలిగింది.

అధికారి వచ్చాడు, కుర్చీ లాక్కుని కూర్చున్నాడు.

"ఏదీ, జావ కాచి పట్టండి. చూసి పోతాను."

గుమాస్తాకు పైప్రాణాలు పైనే పోయాయి. వంటింట్లోకి వెళ్లి ఏది ఉప్పో ఏది పంచదారో తెలియక రెండూ వేశాడు. అడుగంటింది. పైన ఉండలు కట్టింది. గిన్నె తెచ్చి ఒక చెంచా అత్తగారి నోట్లో పెట్టాడు. ఆవిడ ఉమ్మడానికి లేదు, తిట్టడానికి లేదు. కళ్లు మూసుకుని మింగింది. రెండు చెంపల మీదుగా నీళ్లు ధారకట్టాయి.

అధికారి కళ్లద్దాలు తీసి తుడుచుకున్నాడు. ఇలాంటి అల్లుడూ అత్తా తన సర్వీసులో తారసపడలేదని నివేదిక రాశాడు. అది చదివి జడ్జిగారు కూడా కరిగిపోయారు. బదిలీ రద్దు చేశారు. అంతటితో ఆగితే బాగుండేది. ముసలావిడ సేవకు లోటు రాకుండా అధికారి నెలనెలా చెప్పకుండా వెళ్లి చూసి రావాలని కూడా ఆదేశించారు.

ఆ అధికారి ఏ రోజు ఊడిపడతాడో తెలియదు కనుక అత్తగారు ఊరికి వెళ్లడానికి వీల్లేకపోయింది. మొదట్లో ఒళ్లు పట్టేసిందని విసుక్కుంది. తర్వాత దిండు మార్చమంది. ఆ తర్వాత మంచం కిటికీ దగ్గరికి జరిపించుకుంది. గుమాస్తా పడక చాప మీదికి దిగింది. పొద్దునే జావ, మధ్యాహ్నం జావ. ఎటూ పొయ్యి వెలిగించారు కదా, ఆ చేత్తోనే ఇద్దరికీ అన్నం కూడా వండేయమని భార్య దుకాణానికి వెళ్లిపోతోంది.

నెల తిరక్కుండానే అతను వకీలు కాళ్ల మీద పడ్డాడు.

"ఆ కొండూరికే పంపమనండి బాబూ. మీకు పుణ్యముంటుంది."

"కోర్టు ధిక్కారం అవుతుంది," అన్నాడు వకీలు జాలిగా. "ఆవిణ్ని వదిలి ఉండలేనని ప్రమాణం చేసింది మీరే."

ఇంటికొచ్చేసరికి అత్తగారు గిన్నె పట్టుకుని ఎదురు చూస్తోంది.

"ఇవాళ కాస్త పల్చగా కాచు అల్లుడూ. నిన్నటిది గోడకు పూయడానికి పనికొచ్చేది."

అతని బదులు కొండ మీదికి వెళ్లినాయనకు సర్కారు ఇల్లిచ్చింది, వంటమనిషితో సహా.