పొద్దుటెలుగు, సాయంత్రపెలుగు

ఒక పెద్ద అడవిలో, పెద్దదన్న మాటే గానీ, ఆ వేసవికి మూడంటే మూడు చోట్ల నీళ్ళు మిగిలాయి. తామర మడుగు, రాతి మడుగు, బురదగుంట.

తొక్కిసలాట లేకుండా పంచాయతీ వారు టేకాకు మీద నలభై గీతలు గీసి జతలు రాశారు. ఎడమన జంతువు, కుడిన దాని మడుగు. లెక్కల భాషలో ఎడమ వరస ప్రదేశం. కుడిన కనిపించే మడుగులన్నీ కలిపి వ్యాప్తి. ప్రతి జంతువూ ఎడమన ఉండాలి, ఒక్కోదానికి ఒక్కటే మడుగుండాలి. అప్పుడే అది ప్రమేయం, అప్పుడే పై అడవి తనిఖీలో నెగ్గుతుంది.

ఏదుపంది ఈటెలమ్మ పిల్లలిద్దర్నీ వెంటేసుకుని బురదగుంటకి వెళ్తే కాపలా కుక్క అడ్డం పడింది. ఆకులో పేరు లేదంది. రెండ్రోజులు అలాగే గడిచాయి. పిల్లల నాలుకలు పిడచకట్టుకుపోయాయి. ఇక ఆగలేక నక్క గుమాస్తా దగ్గరికి పోయింది.

"మొన్నటిదాకా నలభయ్యో గీత నాదేగా, అన్నా?"

"నీదే. ప్రెసిడెంటు ఎలుగుబంటి గారికి రెండో గీత కావలసొచ్చింది. పొద్దున తామర మడుగు, సాయంత్రం రాతి మడుగు అంటారు."

"ఒకడికి రెండైతే ప్రమేయం చెడదూ?"

"చెడుతుంది. అందుకే ఆయన్ని ఇద్దర్ని చేశాం," అంది నక్క, ఆకు తిప్పి చూపిస్తూ. "పొద్దుటెలుగు, తామర మడుగు. సాయంత్రపెలుగు, రాతి మడుగు. ఎవరికి వారికి ఒక్కటే. తప్పుంటే వేలెట్టి చూపించు."

"బురదగుంటకి ముప్పైమందిని తోశారే."

"ముప్పైమందికి ఒకటే గుంటైతే తప్పు కాదమ్మా. ఒకడికి రెండైతేనే తప్పు. శాస్త్రం అలా ఉంది."

"మరి నేను?"

"ఆకులో లేనివాళ్ళు అడవిలో లేనట్టే. లేనివాళ్ళకి దాహం వెయ్యదు."

ఈటెలమ్మ ముళ్ళు నిక్కబొడుచుకున్నాయి. వాటితో నీళ్ళు రావు గనక మళ్ళీ దించుకుంది.

మర్నాడు పై అడవి నుంచి తాబేలు తనిఖీకి వచ్చి, మడుగులన్నీ కనిపించే గట్టెక్కింది. మిట్టమధ్యాహ్నం ఎడమ వరసలోని వాళ్ళంతా ఒకేసారి ఎవరి మడుగు దగ్గర వాళ్ళు నిలబడాలని దాని హుకుం.

"పొద్దుటెలుగు?"

తామర మడుగు దగ్గర ఎలుగుబంటి చెయ్యెత్తింది. తాబేలు టిక్కు పెట్టింది.

"సాయంత్రపెలుగు?"

రాతి మడుగు దగ్గర ఎవరూ లేరు.

"ఆయన సాయంత్రం పూటే ఉంటారండీ," అంది నక్క.

"ఎడమన పేరుండి మడుగు దగ్గర ఎవరూ లేకపోతే మాకొకటే అర్థం. పోయాడు."

రాతి మడుగు ఎక్కడ పోతుందోనని ఎలుగుబంటి పరుగున అక్కడికి చేరి రొప్పుతూ చెయ్యెత్తింది. తాబేలు అటు చూసి, ఇటు చూసి, తామర మడుగు ఖాళీగా ఉండటం గమనించి, పొద్దుటెలుగు టిక్కు చెరిపేసి 'పోయాడు' అని రాసింది. అది చూసి ఎలుగుబంటి వెనక్కి ఉరికింది. ఈలోగా తాబేలు సాయంత్రపెలుగు పక్కన కూడా అదే మాట రాసి కలం మూసేసింది.

"రెండు గీతలు ఖాళీ. పోయినవాళ్ళకి వారసులెవరైనా ఉన్నారా?"

పొద్దుటెలుగుకి తన బావమరిదే వారసుడని నక్క వెంటనే రాసేసింది.

"సాయంత్రపెలుగు మా పెద్దనాన్న," అంది గట్టు కింద నిలబడ్డ ఈటెలమ్మ. తాబేలు మళ్ళీ కలం తెరిచి దాని పేరు ఎక్కించింది.

"ఒళ్ళంతా బొచ్చున్న నేను దీనికి పెద్దనాన్ననా?" అని గర్జించింది ఎలుగుబంటి.

"చనిపోయినవాళ్ళ అభ్యంతరాలు తీసుకోం," అంది తాబేలు. "ప్రమేయం సరిగ్గా ఉంది."

ఆ సాయంత్రం రాతి మడుగులో పిల్లలు కడుపునిండా తాగుతుంటే, చెట్టు చాటు నుంచి ఎలుగుబంటి గొంతు తగ్గించి పిలిచింది.

"అమ్మాయ్, ఒక్క గుక్క."

"తాగు పెద్దనాన్నా. ఎవరైనా వస్తే మాత్రం లేనట్టుండు."

నీతి: బతికుండడమా, ఎడమ వరసలో ఉండడమా అని అడిగితే, ఎడమ వరసే కోరుకోండి.