మొగుడి పక్కన చోటుకి అర్జీ

సృష్టిలో జాతులన్నీ దేవుడే చేశాడని పెద్దలంటారు. చేసి ఉండొచ్చు, కాదనను. ఎవరు ఏ జాతో తేల్చి ముద్ర వేసేది మాత్రం యున్‌తౌ పట్టణంలో ప్రభుత్వ భవనం మూడో అంతస్తు, ఎడమవైపు గది. దేవుడికి ఆ గదిలో కుర్చీ లేదు. (రెండో అంతస్తులో ఉంది. ఆ సంగతి తర్వాత చెప్తాను.)

మాది సముద్రపొడ్డున హైవేయి అనే ఊరు. ఊళ్ళో సగం మంది ఇంటిపేరు దా. దా వాళ్ళం హుయ్ జాతి. అంటే ఏ కాలంలోనో ఓడలమీద మిరియాలూ సాంబ్రాణీ అమ్ముకోవడానికి వచ్చి, ఇక్కడి ఆడపిల్లల్ని చూసి, తిరుగు ఓడ ఎక్కడం మర్చిపోయిన ముస్లిం వర్తకుల సంతానం. ఆ వర్తకులు నమాజు చేసేవారు, మేం చెయ్యం. వాళ్ళు పంది మాంసం ముట్టేవారు కారు, మేం పంది కాళ్ళ పులుసు ఉందంటే పెళ్ళి ఎవరిదో అడక్కుండా వెళ్తాం. అయితే ఒక్క విషయంలో మాత్రం మహా నిష్ఠాపరులం. చచ్చిపోయాక పంది మాంసం తినం.

వేళాకోళం కాదు. పెద్దలకు పెట్టుకునే రోజున మా ఇళ్ళల్లో ఎవడూ పంది పేరెత్తడు. గిన్నెలన్నీ బూడిదతో తోముతారు. పెద్దల వంటకి వేరే బాండీ. అందులో నూనె అప్పాలూ, చేపా, మేక మాంసమూ తప్ప ఇంకోటి దిగదు. బతికున్నన్నాళ్ళూ పక్కింటి హాన్ జాతి వాళ్ళ లాగే తిని, ఊపిరి పోయిన మరుక్షణం పూర్వీకుల పంక్తిలో కూర్చుంటాం. మా ఊళ్ళో మతం పింఛను లాంటిది, ముందుగా వాడుకోవడం కుదరదు.

ఆ పెద్దల బాండీ మా నాయనమ్మ అధీనంలో ఉంటుంది. ఆవిడ పేరు కే షూజిన్. పుట్టుక హాన్, అంటే దేశంలో నూటికి తొంభై మంది ఏదో అదే. కాపురానికొచ్చిన రోజునే వాళ్ళ అత్తగారు బాండీ చేతిలో పెట్టి, "ఇందులో పంది కొవ్వు చుక్క పడిందా, మా మామగారు నీ కల్లోకొస్తాడు" అని చెప్పిందట. ఇన్నేళ్ళలో ఎవరూ కల్లోకి రాలేదు. అదే ఆవిడ సర్వీసు రికార్డు.

ఎనభైల దాకా మా దా వాళ్ళం కూడా కాగితాల్లో హాన్‌లమే. అప్పుడు మా పెద్దలు, మేం హుయ్‌లం, గుర్తించండి మహాప్రభో అని అర్జీ పెట్టుకున్నారు. పరిశీలన బృందం దిగి ఇల్లిల్లూ తిరిగింది. ఏ వంటింటి గూట్లో చూసినా పంది కొవ్వు డబ్బా. ("ఇందువల్ల పరిశోధనకు కొంత అసౌకర్యం కలిగినది" అని నివేదికలో రాశారట.) చివరికి మా ఇంటికొస్తే నాయనమ్మ బాండీ తెచ్చి, వాసన చూడమంది. బృందం నాయకుడు ముక్కు దూర్చి చూశాడు. ఏడాది తిరక్కుండా మేమంతా హుయ్‌లమైపోయాం. కొండమీది మా సమాధుల దగ్గర 'హుయ్ శ్మశానం' అని బోర్డు కూడా పెట్టారు. నాయనమ్మ మాత్రం హాన్‌గానే మిగిలింది. జాతి రక్తంలో వస్తుంది, బాండీలో రాదు.

అయినా ప్రభుత్వం ఆవిణ్ణి మర్చిపోలేదు. ఊళ్ళో ఎవరికి హుయ్ సర్టిఫికెట్ కావాలన్నా, ఫలానా వాళ్ళ ఇంట్లో పెద్దలకి పంది మాంసం పెట్టరు అని సాక్ష్యం కావాలి. ఆ సాక్ష్యం చెప్పే 'ఆచార సాక్షి'గా మా నాయనమ్మని నియమించారు. అప్పట్నుంచీ ఆవిడ బొటనవేలు పడితేనే మా ఊళ్ళో మనిషి హుయ్ అవుతాడు. నేనూ అలాగే అయ్యాను. పరీక్షల్లో నాకు అదనపు మార్కులు ఇప్పించింది ఆ వేలే.

పోయిన చలికాలం మా వైపు నియమం బిగించారు. హాన్‌లైతే దహనం, హుయ్‌లైతే ఖననం. మినహాయింపులు లేవు.

"ఏమే, నన్ను కాలుస్తారటగా?" అంది నాయనమ్మ, వాకిట్లో ఆలుచిప్పలు ఒలుస్తూ.

"ఇప్పుడే కాదులే."

"ఎప్పుడైతేనేం? మీ తాతకి చెవుడు. పిలిస్తే పలికే మనిషి కాదు. పక్కన పడుకుని మోచేత్తో పొడిస్తేగాని కదిలేవాడు కాదు. బూడిదకి మోచెయ్యి ఉంటుందటే?"

ఇది నా సబ్జెక్టు కాదు. నేను బడిలో లెక్కలు చెప్తాను. తాత పోయి చాలాకాలమైంది. కొండమీద ఆయన పక్కన జానెడు ఎక్కువా తక్కువా లేకుండా ఆవిడ ఒళ్ళు పట్టే చోటు వదిలారు. ఏటా ఆ చోట గడ్డి పీకి వచ్చేది ఆవిడే. అక్కడికి చేరడం తప్ప ఆవిడకి ఇంకో కోరిక ఉన్నట్టు నేనెప్పుడూ వినలేదు.

ఇద్దరం యున్‌తౌ వెళ్ళాం. ఆఫీసు గుమ్మంలో టోకెన్ యంత్రం ఉంది. 'జాతి మార్పు' నొక్కితే, ఆ సేవ మైనర్లకు మాత్రమే అని చెప్పింది. వేరే దారి లేక అదే నొక్కాం. కాసేపటికి మైకులో కమ్మని గొంతు పలికింది. "చిన్నారి కే షూజిన్, తల్లిదండ్రుల చెయ్యి పట్టుకుని మూడో అంతస్తుకి రావలెను."

నాయనమ్మ నా చెయ్యి పట్టుకుంది. మెట్లు నిటారుగా ఉన్నాయి.

ఎడమవైపు గదిలో ఉండేది హోంగ్ గుయిమిన్ అనే అధికారి. ముప్ఫై నిండని కుర్రాడు, మర్యాదస్తుడు. ఆవిణ్ణి చూడగానే లేచి కుర్చీ వేశాడు, తాగడానికి వేడినీళ్ళు ఇచ్చాడు.

"రండి మామ్మగారూ, రండి. మీ ఆచార సాక్ష్యాలు చాలా పేరుకుపోయాయి. నేనే కబురు పెడదామనుకుంటున్నా."

"అవి తర్వాత బాబూ. ముందు నన్ను హుయ్ చెయ్యి."

హోంగ్ గారు నవ్వలేదు. నియమావళి తీసి శ్రద్ధగా చదివాడు. జాతి తండ్రి నుంచి గాని తల్లి నుంచి గాని రావాలి. "మీ నాన్నగారు?"

"హాన్."

"అమ్మగారు?"

"ఆవిడా అంతే. నా కొడుకు హుయ్ కదా, వాడి దగ్గర్నుంచి తీసుకోకూడదా?"

"జాతి నీళ్ళలాంటిది మామ్మగారూ. కిందికే పారుతుంది. కొడుకు నుంచి తల్లికి ఎక్కాలంటే మోటారు కావాలి, అది మాకింకా మంజూరు కాలేదు."

(ఇది ఆయన హాస్యానికి అన్నాడో, నిజంగా ప్రతిపాదన పంపారో నేటికీ నాకు తెలీదు.)

"పోనీ, పంది మాంసం మానేస్తాను. నమాజు నేర్చుకుంటాను. మోకాళ్ళ నొప్పులున్నాయి, అయినా వంగుతాను."

"అది మతం కదండీ. మాది జాతి. పూర్తిగా వేరు. మతం రెండో అంతస్తు."

రెండో అంతస్తుకి దిగాం. అక్కడి మేడమ్ కళ్ళజోడు సవరించుకుని, నాయనమ్మని తలనుంచి కాళ్ళదాకా చూసింది.

"ఈ వయసులో ఇంత భక్తి హఠాత్తుగా ఎందుకొచ్చింది? బయటివాళ్ళ ప్రభావం ఏమైనా ఉందా?"

"ఉందమ్మా. మా అత్తగారి ప్రభావం."

మేడమ్ పెన్ను తీసింది. "ఆవిడ విదేశీయురాలా?"

"పక్క ఊరు."

"ప్రస్తుతం ఎక్కడున్నారు?"

"కొండమీద."

"ఏం చేస్తుంటారు?"

"ఏం చేస్తుంది, పడుకునుంది. ఏడాదికోసారి నా చేతి అప్పాలు తింటుంది."

మేడమ్ చాలాసేపు రాసుకుంది. రాసుకుని, నమ్మకం ఎవరికైనా స్వేచ్ఛే గాని దానివల్ల శ్మశానంలో చోటు రాదనీ, చోటు జాతికి సంబంధించిందనీ, జాతి పై అంతస్తనీ చెప్పింది. మళ్ళీ ఎక్కాం.

ఈలోగా హోంగ్ గారు సాక్ష్యాల కట్ట బల్లమీద సిద్ధంగా పెట్టాడు. నువ్వు హాన్‌వి, నీకు కుదరదు అని ఖాయం చేసిన బల్లమీదే నాయనమ్మ వేలు పట్టుకుని ఒక్కొక్కరినీ హుయ్ చేయించాడు. మా వీధి దా హైశెంగ్ కూడా అక్కడే నిలబడి ఉన్నాడు. పట్టణంలో ఫలహారశాల పెట్టాడు, సర్టిఫికెట్ తాజాది కావాలట. వాడి చేతిలో సగం కొరికిన పంది మాంసం బన్ను.

"నానమ్మా, కొంచెం గట్టిగా నొక్కు. పోయినసారి చెరిగిపోయింది."

"ముందు ఆ మూతి తుడుచుకోరా. జిడ్డు కాగితం మీద పడుతుంది."

వాడు మూతి తుడుచుకుని హుయ్ అయ్యాడు. నాయనమ్మ వేలికి అంటిన సిరా కొంగుకి రాసుకుంది. అప్పుడే హోంగ్ గారికి జాలేసింది. ఆయన మర్యాదస్తుడే కాదు, మంచివాడు కూడా. మా వ్యవస్థలో ప్రమాదాలన్నీ మంచివాళ్ళ వల్లే వస్తాయి.

"మామ్మగారూ, జాతి మార్చలేను గాని, ప్రత్యేక పరిశీలనకి అర్జీ ఉంది. మీకేం కావాలో ఒక్క వాక్యంలో చెప్పండి. పైకి పంపిస్తాను."

నాయనమ్మ ఆలోచించి చెప్పింది. "నా మొగుడికి ఏ నియమమో నాకూ అదే చెయ్యండి. మమ్మల్ని విడదియ్యకండి."

ఆ వాక్యం అక్షరం పొల్లుపోకుండా పైకి వెళ్ళింది. వసంతంలో జవాబొచ్చింది. దాన్ని ఇంట్లో అందరి ముందూ నేనే చదివాను.

"జాతుల సమానత్వ స్ఫూర్తితోనూ, వృద్ధుల పట్ల గౌరవంతోనూ అర్జీని సంపూర్ణంగా ఆమోదించడమైనది. రికార్డులు పరిశీలించగా, అర్జీదారు భర్త మరణించిన నాటికి సదరు వంశానికి ఇంకా గుర్తింపు రాలేదు. కావున ఆయన హాన్‌గా మరణించారు. హాన్ మృతుడొకరు హుయ్ శ్మశానంలో నివసిస్తున్న సంగతి ఇన్నాళ్ళూ గమనించనందుకు చింతిస్తున్నాము. అర్జీదారు కోరిన విధముగా భార్యాభర్తలిద్దరికీ ఒకే నియమం వర్తించును. భర్తగారిని వెలికితీసి దహనం చేసి, స్మృతి భవనంలో ఇద్దరి చితాభస్మానికీ పక్కపక్కనే అరలు కేటాయించడమైనది. అరలకు అద్దాల తలుపులు కలవు."

ఇంటికి పెద్దకొడుకు మా పెదనాన్న దా వెన్‌షుయి. సర్టిఫికెట్ ఉన్న హుయ్, పంది కాళ్ళ పులుసులో ఊరంతా ఒప్పుకున్న పండితుడు. ఆయనే ముందు నోరు విప్పాడు.

"కొండనాలిక్కి మందేస్తే ఉన్న నాలిక ఊడిందంటే ఇదే. ఎందుకమ్మా నీకు అర్జీలూ గిర్జీలూ? నోరు మూసుకుని కూర్చుంటే..."

"కూర్చుంటే నన్నొక్కదాన్నీ కాల్చేవాళ్ళు," అంది నాయనమ్మ. "నువ్వు మాత్రం దర్జాగా వెళ్ళి మీ నాన్న పక్కన నా చోట్లో పడుకునేవాడివి."

పెదనాన్న తల దించుకున్నాడు. ఆ ఆలోచన ఆయనకి ఉండే ఉంటుంది.

అప్పుడే నా ఫోన్ మోగింది. హోంగ్ గారు. "మామ్మగారికి శుభాకాంక్షలు చెప్పండి. అర్జీ ఇలా సంపూర్ణంగా ఆమోదం పొందడం మా గదిలో ఇదే మొదటిసారి. అరలు కిటికీ వైపు ఇమ్మని నేనే అడిగాను."

ఆ రాత్రి నాయనమ్మ అన్నం తినలేదు. పొద్దున్నే మొదటి బస్సుకి నన్ను లేపింది. మూడో అంతస్తు ఎక్కాం. హోంగ్ గారు కుర్చీ వేసినా కూర్చోలేదు.

"నేను హాన్‌నే బాబూ, రాసుకో. నూటికి నూరు పాళ్ళూ హాన్‌నే. నన్ను కాల్చుకోండి, ఏ అరలో కావాలంటే ఆ అరలో పెట్టుకోండి. ఆయన్ని మాత్రం కదపొద్దు. నిద్రలో లేపితే ఆయనకి చచ్చే కోపం."

హోంగ్ గారు వెంటనే కంప్యూటర్లో 'అర్జీ ఉపసంహరణ' తెరిచాడు. ఉపసంహరణకి కారణం ఎంచుకోవాలి. కారణాలు రెండే ఉన్నాయి. 'సమస్య పరిష్కారమైనది', 'అర్జీదారు మరణించారు'.

"రెండోది ఇంకా కాలేదు," అంది నాయనమ్మ.

"అయితే మొదటిదే మామ్మగారూ. ఒక చిన్న పని. సమస్య పరిష్కారమైతే అర్జీదారు మా సేవకి నక్షత్రాలు ఇవ్వాలి. ఈ తెర మీద నొక్కాలి."

"ఇవ్వకపోతే?"

"ఐదుకి తగ్గితే అర్జీదారు అసంతృప్తిగా ఉన్నారని లెక్క. అప్పుడు కేసు మళ్ళీ తెరుచుకుని, పరిశీలన బృందం కొండమీదికి వెళ్తుంది." ఆయన కళ్ళు దించుకున్నాడు. "పలుగులతో."

నాయనమ్మ కొంగుతో తెర తుడిచింది. ఊరంతటినీ హుయ్ చేసిన ఆ బొటనవేలితోనే ఒక్కొక్క నక్షత్రం నొక్కింది. ఐదోది వెలిగాక కూడా వేలు తియ్యలేదు. తెర మీద ధన్యవాదాలు కనిపించాయి. పూలు కురిశాయి. వేలు అక్కడే ఉంది.

"నమోదైంది మామ్మగారూ. ఇంక వేలు తియ్యొచ్చు."

"ఉండనీ బాబూ. నేను తీస్తే ఎక్కడ తగ్గుతాయో."

అది నిజమేనన్నట్టు హోంగ్ గారు తలూపి, వెనక లైన్లో ఉన్నవాళ్ళని పక్క బల్ల దగ్గరికి వెళ్ళమన్నాడు.