తొమ్మిదో గుంపు

ప్రివ్యూ చూసినవాళ్ల అభిప్రాయాలు పొద్దున్నే తేల్చేసి, కాఫీ తాగి, విడుదల తేదీ ప్రకటించేయాలని నిర్మాత త్రినాథరావు సంకల్పం. అందుకే వెంగళరావు నగర్‌లోని సాఫ్ట్‌వేర్ కంపెనీ నుంచి స్ఫూర్తి లాప్‌టాప్‌తో ఫిల్మ్‌నగర్ ఆఫీసుకు వచ్చింది. ఈ ఆర్డరు దక్కితేనే ఆమె ఉద్యోగం పర్మినెంటు. లేకపోతే మళ్లీ ఇంటర్వ్యూల చుట్టూ తిరగాలి పాపం.

ప్రేక్షకులు వేసిన మార్కులు, హాల్లో కూర్చున్న సమయం చూసి, ఒకే తీరువాళ్లను ఒకే రంగు చుక్కలుగా చేర్చడం ఆ సాఫ్ట్‌వేర్ పని. పేర్లు కనబడవు.

"ఎన్ని గుంపులు చేయమంటరు సార్? మూడైతే మంచిగుంటది," అంది స్ఫూర్తి.

మూడా! కారు నంబరు కూడా సిద్ధాంతిగారిని అడిగి తీసుకునే మనిషి త్రినాథరావు. వెంటనే ఫోన్ చేశాడు.

"తొమ్మిది పెట్టమన్నారమ్మా."

గుంపులు డేటాను బట్టి పెట్టాలి గానీ జాతకాన్ని బట్టి కాదు అనబోయి, ఆర్డరు గుర్తొచ్చి, తొమ్మిదే కొట్టింది.

ఎనిమిది గుంపులు ఎలాగో కుదిరాయి. తొమ్మిదోదానిలో ఒకటే చుక్క, ఎర్రగా, ఓ మూల.

"ఈయన టైటిల్స్ కాంగనే బయటికి పోయిండు సార్. మార్కులు మాత్రం పదికి పది వేసిండు."

త్రినాథరావు ముఖం కందగడ్డయింది. "చూడకుండా పొగిడే దొంగెవడు? ఒరేయ్ చలపతీ, నువ్వేనా?"

బావమరిది చలపతిరావు అదిరిపడ్డాడు. "అమ్మతోడు బావా, ఆఖరిదాకా చూశాను! సంతలో ఫైటు ఎంతకీ తెమలదు. పక్కాయన గురక కూడా విన్నాను!"

"నిన్న అద్భుతమన్నావు కదరా?"

గదిలో మిగతావాళ్లకు సంగతి అర్థమైంది. చూశామని రుజువు కావాలంటే తిట్టాల్సిందే! ఇక చూడండి, మేనేజరు పాటలన్నీ దండగన్నాడు. "కట్ చేసింది నేనే, నాకే కథ అర్థం కాలేదు," అన్నాడు ఎడిటరు. స్ఫూర్తికి ఏడుపొక్కటే తక్కువ. ఆర్డరు పోయినట్టే.

పోస్టరు మీద సమర్పకురాలిగా పేరున్న త్రినాథరావు భార్య పుష్పవల్లి కల్పించుకుంది. "ఇవన్నీ ఎందుకండీ? చివర్లో హీరోయిన్ని చంపకపోతే చాలు, జనం చూస్తారు."

"హీరోయిన్ చచ్చిపోతుందా?" అన్నాడు త్రినాథరావు.

అందరూ ఎర్రచుక్క వైపు చూశారు.

"డిస్ట్రిబ్యూటర్లు ఒకటే ఫోన్లు! ఎలా కూర్చోమంటారు?" అని గొణిగాడాయన. "అయినా మన సినిమాకి మనం పదెయ్యకపోతే ఎవడేస్తాడు?"

పుష్పవల్లి మొగుడి వైపు ఓ చూపు చూసి, స్ఫూర్తి వైపు తిరిగింది. "ఇలాంటిది మాకు ప్రతి సినిమాకీ కావాలమ్మా. కాగితాలు తీసుకురా, సంతకం నేను పెడతాను."

సాయంత్రానికి స్ఫూర్తి ఉద్యోగం పర్మినెంటయింది. త్రినాథరావు మాత్రం, భార్య పక్కన కూర్చుని, సినిమా మొత్తం చూడవలసి వచ్చింది.