గెలిచినవాడే వడ్డించాలి

ఆట అనేది ఆటగాళ్ళకు వదిలిపెట్టదగిన విషయం కాదనీ, దానికొక ఆఫీసు, ఆ ఆఫీసుకొక సూపరింటెండెంటు, ఆయనకొక రబ్బరు ముద్ర ఉంటే తప్ప బంతి కదలదనీ బస్తర్ సంస్థానం 1947లో కనిపెట్టింది. అదే ఏడు ఢిల్లీలో స్వాతంత్ర్యం కూడా వచ్చిందని తర్వాత తెలిసింది. మా కొంటా ఊరికి మాత్రం ముందు ఫుట్‌బాల్ వచ్చింది.

పోటీ పేరు అఖిల బస్తర్ జాతీయ కప్పు. (జాతీయం ఎలా అయిందని అడగకండి. అప్పట్లో మాకు బస్తరే దేశం. శబరి నది దాటితే పరాయి రాజ్యం, సుంకం నాకా దగ్గర మూట విప్పి చూపించాలి.) దీన్ని నడపడానికి జగదల్పూర్‌లో సంస్థాన క్రీడా సూపరింటెండెంటుగా శ్రీ త్రిభువన్ లాల్ గారు నియమితులయ్యారు. ఆయన అంతకుముందు ఏనుగుల మేత శాఖ చూసేవారు. ఆటకు ఎన్ని కాళ్ళు కావాలో ఆయనకు తెలియకపోవచ్చు గానీ, ఎన్ని కాగితాలు కావాలో బాగా తెలుసు.

నిబంధనలు వందకు పైగా వచ్చాయి. మైదానంలో గడ్డి ఎత్తును పట్వారీ కొలిచి సంతకం చెయ్యాలి. బూట్లు లేని ఆటగాడు తన పాదాలు తనవేనని ధ్రువీకరణ తెచ్చుకోవాలి. బంతి నదిలో పడితే నది ఏ తహసీలులోదో తేలేదాకా ఆట ఆగాలి. ప్రతి జట్టుకూ చదువుకున్న యజమాని ఒకరుండాలి. అన్నిటికన్నా ముఖ్యమైనది, ఓడిన జట్టు పోటీ నుండి తొలగును. తొలగి ఎక్కడికి పోవునన్నది మాత్రం రాయలేదు. నిబంధనలు రాసినవాడు ఎప్పుడూ సంతలో కోడిపందెం చూసి ఉండడని మాకు అప్పుడే అర్థం కావలసింది.

మా జట్టు యజమాని గడిలో సంతకం పెట్టినవారు సుందరరావు గారు. కొంటాలో ఉప్పు, బట్టలు, కిరసనాయిలు అమ్మే షావుకారు. కప్పు పట్టుకుని ఒక ఫొటో దిగి, దాన్ని గల్లాపెట్టె మీద తగిలించుకోవాలని ఆయన కోరిక. అంతకుమించి ఆయనకు ఫుట్‌బాల్‌తో శత్రుత్వం గానీ స్నేహం గానీ లేదు. జట్టు నాయకుడు జోగ, దోర్ల తెగ రైతు. గట్ల మీద పరుగెత్తి పెరిగినవాడు కాబట్టి చదునైన నేల అతనికి సెలవు దినంలా ఉండేది. ఇక ఈ నాలుగు ముక్కలూ రాస్తున్న నేను ఆ సీజన్ అంతా మైదానం గీత పక్కన జెండా పట్టుకుని నిలబడ్డాను. అందువల్ల గీతను అందరికన్నా బాగా చూశాను, ఆటను అందరికన్నా తక్కువ చూశాను.

మొదటి ఆటలో సుకుమా జట్టును మేము మా ఊళ్ళోనే ఓడించాం. సుందరరావు గారు అందరికీ తలా ఒక బెల్లం ముక్క పంచి ఇంటికి వెళ్ళేసరికి, ఓడిన సుకుమా జట్టంతా ఆయన పెరట్లో వరసగా కూర్చుని ఉంది. కాళ్ళూ చేతులూ కడుక్కుని ఉన్నారు. వాళ్ళ నాయకుడి పేరు మాసా. ఏం కావాలని అడిగితే మాసా ఆశ్చర్యపోయాడు.

"మీరు గెలిస్తిరి గద సావుకారీ. ఇగ మేం మీవోళ్ళమే. కూడు ఎప్పుడు పెడతరు?"

ఇందులో దబాయింపు ఏమీ లేదు, సంత న్యాయమే ఉంది. మా వైపు కోడిపందెంలో ఓడిన పుంజు గెలిచినవాడిది. చచ్చిన పుంజు కూరకు, బతికిన పుంజు గూటికి. గూటికి చేరిన పుంజును గెలిచినవాడే మేపాలి, మేపలేనివాడు పందానికే రాకూడదు. ఇది కొంటా నుంచి బీజాపూర్ దాకా ప్రతి సంతలోనూ నడిచే రివాజు. సుందరరావు గారే ఎన్నోసార్లు తీర్పరిగా నిలబడి ఇదే చెప్పారు. (మాసా మొదట్లో ఒకటే అనుమానంగా ఉన్నాడు. ఓడిన తమను బతికినవాళ్ళుగా లెక్క వేశారో, చచ్చినవాళ్ళుగా వేశారో తెలియక పొయ్యికి కాస్త దూరంగా కూర్చున్నాడు.)

సుందరరావు గారి భార్య అన్నపూర్ణమ్మ గారు గుమ్మంలోంచి ఒకసారి తలలు చూసి, పెద్ద గుండిగ దింపించి, మోదుగాకు విస్తర్లు కుట్టడానికి కూర్చున్నారు. సుందరరావు గారు మటుకు సూపరింటెండెంటు గారికి ఉత్తరం రాశారు. ఓడినవాళ్ళు వెళ్ళడం లేదనీ, వాళ్ళను ఏం చేసుకోవాలో సెలవియ్యమనీ. జవాబు నెల దాటాక వచ్చింది. ఓడిన జట్టు తొలగును కాబట్టి అది రికార్డులో లేదనీ, రికార్డులో లేనివారికి ఆకలి ఉన్నట్టు ఈ ఆఫీసు భావించజాలదనీ అందులో ఉంది. సుందరరావు గారు దాన్ని పెరట్లో నిలబడి పైకి చదివి వినిపించారు. సుకుమావాళ్ళు శ్రద్ధగా విని, పులుసు మరికాస్త పోయమన్నారు.

రెండో ఆట బీజాపూర్‌తో. బీజాపూర్‌వాళ్ళు అప్పటికే భోపాలపట్నంవాళ్ళను గెలుచుకుని, వాళ్ళను వెంటబెట్టుకునే బళ్ళలో దిగారు. దాంతో మేము ఒక ఆట గెలిస్తే రెండు జట్లు వచ్చిపడ్డాయి. పెరడు నిండి, వీధి అరుగు నిండి, ఉప్పు గోదాము కూడా నిండింది. పని విషయంలో వాళ్ళను ఒక్క మాట అనడానికి లేదు. కొంటా వరికోతలన్నీ ఆ ఏడు వాళ్ళే కోశారు. గోదాము పైకప్పు నేశారు. సాయంత్రం బంతి ఆడారు. రాత్రికి మాత్రం ఆకులు పరవాలి.

ఇంకో చిక్కు కూడా ఉంది. గెలుచుకున్న పుంజును వచ్చే సంతలో మన తరఫున దింపుకోవచ్చు. ఆ లెక్కన జోగ నాలుగు ఊళ్ళ ఆటగాళ్ళలోంచి మెరికల్లాంటివాళ్ళను ఏరి జట్టులో వేసుకున్నాడు. సూపరింటెండెంటు గారి నిబంధనల్లో దీన్ని వద్దన్నదీ లేదు. ఇక మా జట్టును ఓడించడం బస్తర్‌లో ఎవరివల్లా కాదని సంతలో చెప్పుకున్నారు. ఆ మాట విని సుందరరావు గారి ముఖం పాలిపోయింది. ఆయన బియ్యం గాదె అడుగు కనిపిస్తోంది. ఫొటో మీద మోజు ఎప్పుడో పోయింది. ఆయనకు ఇప్పుడు కావలసింది ఒకటే, ఫైనల్లో ఓడిపోవడం. ఓడితే ఈ మందంతా గెలిచినవాడి పాలవుతుంది. గెలిచినవాడంటే సూపరింటెండెంటు త్రిభువన్ లాల్ గారే, ఎందుకంటే ఫైనల్లో అవతలి జట్టు జగదల్పూర్ కచేరీ ఉద్యోగులది, దానికి యజమానీ, నాయకుడూ, గోలు కాసేవాడు కూడా ఆయనే. (పోటీ నడిపేవాడే పోటీలో ఆడవచ్చా అని ఒకరు అడిగితే, అర్జీ పెట్టుకుంటే విచారిస్తానని ఆయనే చెప్పారు.)

జగదల్పూర్ బయల్దేరేముందు సుందరరావు గారు జోగను పక్కకు పిలిచి, ఈసారికి ఓడిపొమ్మని మెల్లగా అడిగారు. జోగ కోపం తెచ్చుకోలేదు. ఓడితే కూడు ఎవరు పెడతారని అడిగాడు. సర్కారు పెడుతుందని షావుకారు చెప్పారు. జోగ, సర్కారైతే గాదె పెద్దదే ఉంటుంది, మంచిదేనని ఒప్పుకున్నాడు. సుందరరావు గారు ఆ రాత్రి చాలా రోజుల తర్వాత కంటినిండా నిద్రపోయారు.

బళ్ళ మీద గుండిగలు, గుండిగల వెనక అన్నపూర్ణమ్మ గారు, వెనక నాలుగు ఊళ్ళ జనం. అలా జగదల్పూర్ చేరి చూస్తే, కచేరీ ముందు పెద్ద వరస ఉంది. కచేరీ జట్టు ఓడించిన దంతెవాడ, కొండగావ్ జట్లవి ఆ తలలు. వాళ్ళూ సంత న్యాయం ప్రకారం చేతులు కడుక్కుని వచ్చినవాళ్ళే. అయితే అది ఆఫీసు గనక వాళ్ళకోసం ఒక కిటికీ తెరిచారు. కిటికీ దగ్గర తిండి కావాలంటే ఓడినట్టు ధ్రువీకరణ తేవాలి. ఆ ధ్రువీకరణ గెలిచిన జట్టు యజమాని ఇవ్వాలి. యజమాని హోదాలో త్రిభువన్ లాల్ గారు ఇవ్వడానికి సిద్ధమే. అందుకు సూపరింటెండెంటు హోదాలో త్రిభువన్ లాల్ గారి అనుమతి కావాలి. ఆయన ఆయనకు రాసిన ఉత్తరం తపాలాలో ఉంది. ఈలోగా సంతలోకి వెళ్ళి ఎవరినైనా అడిగితే వరసలో చోటు పోతుంది. అమ్మ పెట్టదు, అడుక్కు తిననివ్వదు అన్న సామెతను ఒక శాఖగా ఏర్పాటు చెయ్యడం నేను మొదటిసారి చూశాను. చూసి ఒళ్ళు మండింది కూడా.

వరస చివర మంగు అనే దంతెవాడ కుర్రాడు నిలబడి ఉన్నాడు. డొక్కలు లోపలికి పోయి ఉన్నాయి. ఎప్పుడు తిన్నావని అన్నపూర్ణమ్మ గారు అడిగితే అతను చేతిలో ఉన్న రేకు బిళ్ళ చూపించాడు. దానిమీద అతని నంబరు ఉంది. నంబరు పెద్దది.

అన్నపూర్ణమ్మ గారు భర్త దగ్గరికి వచ్చారు. ఆవిడ గొంతు పెంచే మనిషి కాదు.

"ఏవండీ, మీరు జోగకు ఏం చెప్పారో నాకు తెలుసు. నా చేతి కూడు తిన్న పిల్లల్ని తీసుకొచ్చి ఈ కిటికీ ముందు నిలబెట్టి పోతారా? నావల్ల కాదు. గెలవండి. గెలిచి వీళ్ళను కూడా ఇంటికి తీసుకుపోదాం."

సుందరరావు గారు గాదె సంగతి ఎత్తబోయి, మంగు చేతిలో బిళ్ళ చూశారు. ఆయన ఉప్పు వ్యాపారే గానీ ఉప్పురాయి కాదు. జోగ దగ్గరికి వెళ్ళి, ముందు చెప్పిన మాట మర్చిపొమ్మన్నారు. జోగ ఆ మాట కిటికీ చూసినప్పుడే మర్చిపోయానని చెప్పాడు.

ఫైనల్ గురించి చెప్పడానికి పెద్దగా ఏమీ లేదు. రిఫరీ త్రిభువన్ లాల్ గారి కింది గుమాస్తా. ఈల వేసేముందు ప్రతిసారీ గోలు దగ్గరికి నడిచివెళ్ళి ఆయన అనుమతి తీసుకునేవాడు. ఆ నడకకు పట్టే సమయంలో మావాళ్ళు గోల్స్ కొట్టారు. కొన్నిటికి ఆయన సంతకం పెట్టలేదు, పెట్టినవే సరిపోయాయి. వరసలోని జనం చోటు పోతుందని కదలకుండా, ఉన్నచోటి నుంచే కేకలు వేశారు.

కప్పు రసీదు మీద ఇచ్చారు. ఫొటో కూడా తీశారు. గెలిచినవాళ్ళూ, గెలుచుకోబడ్డవాళ్ళూ అందరూ చట్రంలో పట్టక సుందరరావు గారి మోచెయ్యి మాత్రమే పడింది. (ఆ మోచెయ్యి ఇప్పటికీ గల్లాపెట్టె మీద వేలాడుతోంది.) అంతా అయ్యాక జోగ వచ్చి త్రిభువన్ లాల్ గారి పక్కన నిలబడ్డాడు.

"పోదాం పదండి దొరా. పొద్దు పోతే అమ్మ ఊకోదు."

సూపరింటెండెంటు గారు అలాంటి నిబంధన లేదన్నారు. వద్దన్న నిబంధన ఉందా అని జోగ అడిగాడు. హెడ్ గుమాస్తా పుస్తకం మొదటినుంచి చివరిదాకా తిరగేసి, లేదని విచారంగా చెప్పాడు. మైదానం చుట్టూ ఉన్న జనమంతా కోడిపందేలు చూసినవాళ్ళే, ఎటూ దారి వదల్లేదు. చివరికి త్రిభువన్ లాల్ గారు ఆ ప్రయాణాన్ని క్యాంపు అని రాసుకుని, బత్తా పడేలా చూసుకుని, హెడ్ గుమాస్తాతో, ఖజానాదారుతో, స్టాంపుల మనిషితో సహా బండెక్కారు. బండిలో గుండిగ పక్కనే చోటు దొరికింది. బళ్ళ వెనక మంగుతో సహా కిటికీ ముందరి వరసంతా నడిచింది.

ఆ తర్వాత కొన్నాళ్ళు కచేరీ వ్యవహారం చాలావరకు సుందరరావు గారి అరుగు మీదే నడిచింది. ఫైళ్ళు బళ్ళలో వచ్చేవి. అన్నపూర్ణమ్మ గారు ఒకే నిబంధన పెట్టారు. ఆ రోజు వచ్చిన అర్జీలు తేలాకే ఆకులు వేస్తారు. ఏళ్ళ తరబడి కదలని భూమి పట్టాలు మధ్యాహ్నంలోపు కదిలాయి. పులుసు వాసన వచ్చిందంటే హెడ్ గుమాస్తా రెండు చేతులతో ముద్ర కొట్టేవాడు. కోతల ధాన్యంలో కొంత ఎవరూ అడగకుండానే ఊరు తెచ్చి గాదెలో పోసింది. సుందరరావు గారు మళ్ళీ నవ్వడం మొదలుపెట్టారు. త్రిభువన్ లాల్ గారు ఒళ్ళు చేశారు. బస్తర్‌లో ఇంత చక్కటి పరిపాలన అంతకుముందు చూశామని ఎవరూ చెప్పలేదు, నేనూ చెప్పలేను.

జనవరి మొదట్లో ఒక పొద్దున జగదల్పూర్ నుంచి తంతి కాగితం తీసుకుని జవాను వచ్చాడు. త్రిభువన్ లాల్ గారు అరుగు మీద నిలబడి చదివారు. బస్తర్ సంస్థానం ఇక లేదు. దాన్ని పక్క రాష్ట్రంలో కలిపేశారు. ఇకమీద అన్నీ నాగపూర్ నుంచి జరుగుతాయి. ఆయన కాగితం మడిచి, మళ్ళీ విప్పి, మళ్ళీ మడిచారు. ఏనుగుల మేత నుంచి ఫుట్‌బాల్ దాకా ఆయన చూసిన శాఖలన్నీ ఆ మడతలో ఉన్నాయి. ఆయన్ను చూస్తే నాకు నిజంగానే జాలేసింది.

జోగ అడిగాడు.

"అంటే మనం ఓడినమా దొరా?"

ఓటమి అనకూడదనీ, విలీనం అనాలనీ త్రిభువన్ లాల్ గారు చెప్పారు. ఆట ఎప్పుడు జరిగిందని మాసా అడిగాడు. ఆట జరగలేదు, సంతకాలే జరిగాయన్నారు. జోగ, మాసా, మంగు కాసేపు తమలో తాము మాట్లాడుకున్నారు. పుంజును దింపకుండానే యజమాని అవతలివాడికి ఇచ్చేయడం సంతలో అప్పుడప్పుడూ జరిగేదే, దానికీ రివాజు అదే. అందరూ లేచి శబరికి వెళ్ళారు. కాళ్ళూ చేతులూ కడుక్కుని వచ్చి వరసగా కూర్చున్నారు. ఈసారి సుందరరావు గారూ, నేనూ, హెడ్ గుమాస్తా కూడా ఆ వరసలోనే కూర్చున్నాం. త్రిభువన్ లాల్ గారు ఒక నిమిషం తటపటాయించి మా పక్కనే చోటు చూసుకున్నారు.

"మంచిదే," అన్నాడు జోగ. "మరి నాగపూరోళ్ళు కూడు ఎప్పుడు పెడతరు?"

త్రిభువన్ లాల్ గారు ఆ ప్రశ్నను శుద్ధ ప్రతి రాయించి, మిగిలి ఉన్న ముద్ర కొట్టి, పైకి పంపారు. ఆ పూటకు అన్నపూర్ణమ్మ గారు వడ్డించారు. జవాబు ఇంకా రాలేదు. మేము మాత్రం చేతులు ఆరినప్పుడల్లా వెళ్ళి మళ్ళీ కడుక్కుని వస్తున్నాం.