బీరువాలో బంతి

ఒక పెద్ద అడవిలో, వాగుకి ఇవతల, మగ జంతువులకని ఒక కళాశాల ఉండేది. ఆ కళాశాలకి బాస్కెట్‌బాల్ జట్టు కూడా ఉండేది. అడవిలో బాస్కెట్‌బాల్ ఏమిటని అడక్కండి. కళాశాల ఉందంటే నమ్మినవాళ్ళు ఆట దగ్గరికొచ్చి అనుమానపడటం న్యాయం కాదు.

జట్టుకి బంతి ఒక్కటే. అది ప్రిన్సిపాల్ ఏనుగుగారి గదిలో, అద్దాల బీరువాలో ఉండేది. తాళంచెవి ఏనుగుగారి మెడలో ఉండేది. ఏటా దసరాకి బంతిని బయటికి తీసి, బొట్టు పెట్టి, కొబ్బరికాయ కొట్టి, మళ్ళీ లోపల పెట్టి తాళం వేసేవారు.

"ఆడితే పాడైపోతుంది," అనేవారు ఏనుగుగారు. "నేను ఉద్యోగంలో చేరిన రోజు ఎలా ఉందో ఈనాటికీ అలాగే ఉంది. ఇంత శుభ్రమైన బంతి ఇంకే కళాశాలలో ఉందో చూపించండి."

ఎక్కడా లేదు. అది మాత్రం నిజమే.

జట్టులో అందరికంటే ఆటపిచ్చి దుప్పికి. చదువు ఈ ఏటితో అయిపోతుంది. ఇన్నాళ్ళూ బెంచీ మీద కూర్చోవడమే సరిపోయింది. వెళ్ళిపోయేలోగా ఒక్క మ్యాచ్, గెలిచినా ఓడినా, నిజంగా ఆడాలని దాని కోరిక. బంతి ఇవ్వరు కాబట్టి రోజూ పొద్దున్నే ఒక తాటికాయని కొమ్ములతో ఎగరేసి సాధన చేసేది.

పోటీలు మొదలయ్యాయి. మొదటి మ్యాచ్ ఎలుగుబంట్లతో. దుప్పి ఒళ్ళు వేడెక్కడానికి గెంతుతూ ఉంది. ఇంతలో కోచ్ నక్క చెయ్యెత్తింది.

"రిఫరీగారూ, అభ్యంతరం! ఆ గోళ్ళు చూడండి. బంతికి గుచ్చుకుంటే ఎవరిది పూచీ?"

రిఫరీ కొంగ ఒంటికాలి మీద నిలబడి కాసేపు ఆలోచించింది. "సబబే. గోళ్ళు తీసేసి రావలసింది. మ్యాచ్ మీదే."

దుప్పి గెంతడం ఆపింది. "సార్, ఆడమా?"

"గెలిచాక ఆడటమెందుకురా పిచ్చోడా! వెళ్ళి దండ వేయించుకో," అంది నక్క.

రెండోది కోతులతో. "ఐదుగురు ఆడాల్సిన ఆటలో తోకలతో కలిపి పదిమంది దిగుతున్నారండీ," అంది నక్క. మ్యాచ్ నక్కదే.

తర్వాత అడవిపందులు. "మొహం నిండా బురద. గుర్తింపు కార్డులో ఫొటోకీ వీళ్ళకీ పోలికే లేదు. ఎవరి బదులు ఎవరొచ్చారో!" మ్యాచ్ మళ్ళీ నక్కదే.

కోతులు ఊరుకోలేదు. వాళ్ళూ అభ్యంతరాలు నేర్చుకుని, ఆ తర్వాత ప్రతి మ్యాచ్‌లోనూ కొమ్మల మీదినుంచి గోల చేశాయి. దాంతో నక్క ఒక నిబంధన పెట్టించింది: రిఫరీ ఈల వేశాక ఎవరి అభ్యంతరమూ చెల్లదు.

కళాశాల గేటుకి 'ఓటమెరుగని జట్టు' అని బ్యానర్ కట్టారు. దాని కింద దుప్పి బెంచీ మీద కూర్చుని తాటికాయ దొర్లించుకునేది.

అప్పుడొచ్చింది కబురు. ఫైనల్‌కి సింహంగారు ముఖ్య అతిథి. ఏనుగుగారికి చెమటలు పట్టాయి.

"కోచ్ గారూ, ఆయన ఆట చూడటానికొస్తున్నారు. అభ్యంతరం చూడటానికి కాదు. ఈసారి ఆడి తీరాలి."

"ఆడదాం సార్. ఎవరితో ఆడాలన్నది నాకొదిలేయండి."

నక్క ఫైనల్‌కి రాగల మిగతా జట్లన్నిటి మీదా అభ్యంతరాలు వేసింది. చివరికి వాగు అవతలి తాబేళ్ళు మిగిలాయి. వాళ్ళ కళాశాలలో బీరువా లేదు. వాళ్ళ బంతి ఇసుకలో పడి ఉండేది.

ఫైనల్ రోజు ఏనుగుగారు స్వయంగా తాళం తీశారు. బంతి తళతళలాడింది.

"అభ్యంతరాలేమైనా ఉన్నాయా?" అడిగింది కొంగ.

"తాబేళ్ళ మీదా? నలుగురూ నవ్వుతారండీ," అంది నక్క.

కొంగ ఈల వేసింది. బంతి దుప్పికి అందింది. ఇన్నేళ్ళ కోరిక! దుప్పి మురిసిపోతూ బంతిని నేలకేసి కొట్టింది. అది నేలని తాకి, లేచొచ్చి, దుప్పి ముక్కు మీద తగిలింది.

"సార్! ఇది పైకి లేస్తోంది సార్!"

"లేవదురా, సరిగ్గా చూడు!" అంది నక్క. నక్క కూడా బంతిని బీరువాలోనే చూసింది.

బంతి మళ్ళీ ఎగిరింది. జట్టు కెప్టెన్, ఏనుగుగారి మేనల్లుడు గున్న ఏనుగు, "మామయ్యా! దీన్లో ఏదో ఉంది!" అని అరిచి మైదానం దాటి పారిపోయింది. కుందేలు పొదలో దూరింది.

"మరీ ఎక్కువ కొబ్బరికాయలు కొట్టించారేమో సార్. పూనకం వచ్చినట్టుంది," అంది నక్క మెల్లగా.

తాబేళ్ళకి కంగారు లేదు. బంతిని అందుకుని, ఒకరికొకరు అందించుకుంటూ, సింహం రెండుసార్లు ఆవులించేలోగా బుట్ట కిందికి చేరాయి. అక్కడ ఒకదాని మీద ఒకటి ఎక్కాయి.

"అభ్యంతరం! ఒకళ్ళ మీద ఒకళ్ళు ఎక్కుతున్నారు!"

"ఈల వేశాను కదా," అంది కొంగ. "నిబంధన మీరు పెట్టించిందే."

పైనున్న తాబేలు బంతిని బుట్టలో వేసింది.

ఈలోగా దుప్పి ఒక సంగతి కనిపెట్టింది. బంతి లేస్తుందని ముందే తెలిస్తే ముక్కు పక్కకి పెట్టుకోవచ్చు. ఇంక ఆగలేదు. బంతిని కొట్టుకుంటూ మైదానం ఆ చివరినుంచి ఈ చివరికి ఒంటరిగా పరుగెత్తింది. కొమ్ములతో ఎగరేసింది. బంతి ఇనప చట్రం మీద గుండ్రంగా తిరిగి, తిరిగి, బయటికి పడింది. ఆఖరి ఈల మోగింది.

ఒకే ఒక్క బుట్టతో తాబేళ్ళు గెలిచాయి. సింహం లేచి వెళ్ళిపోయింది. వాచిన ముక్కుతో దుప్పి నవ్వుతోంది.

"సిగ్గులేదట్రా? ఓడిపోయి నవ్వుతావా?" అరిచారు ఏనుగుగారు.

"ఆడాను కదండీ," అంది దుప్పి.

ముసలి తాబేలు నింపాదిగా దుప్పి దగ్గరికొచ్చింది. "రేపు సాయంత్రం ఖాళీయేనా బాబూ? మాలో పైన నిలబడేవాడికి నడుం పట్టేసింది. నువ్వు కాస్త పొడుగున్నావు."

"బంతి ఇస్తారా?"

"అడగడమెందుకు? ఇసుకలోనే ఉంటుంది."

ఇవతల బంతికి రెండు గీతలు పడ్డాయని ఏనుగుగారు కంటతడి పెట్టి, బీరువాకి ఇంకో తాళం తగిలించారు. నక్క వచ్చే ఏటికి అభ్యంతరం ఇప్పుడే పంపింది: ప్రత్యర్థులు మ్యాచ్‌కి ముందే సాధన చేసి వస్తున్నారు, ఇది అన్యాయం. కొంగ ఒంటికాలి మీద ఇంకా ఆలోచిస్తోంది.

నీతి: ఎప్పటికీ ఓడిపోకూడదనుకుంటే బంతిని బీరువాలో పెట్టి, తాళంచెవి పెద్దవాళ్ళ మెడలో వేయండి.