తుంగభానుల గొడుగు కింద

ఉపాధి పనిలో కాలువ పూడిక తీస్తుంటే తుంగభానుల సామ్రాజ్యపు తెల్లగొడుగు బయటపడి, దానంతటదే తెరుచుకున్న నాటి నుంచి దొంతులపల్లిలో అందరూ నడుము దగ్గర వంగి తిరుగుతున్నారు. సామ్రాజ్యం కూలి కొన్ని వందల ఏళ్లయింది. ఆ సంగతి గొడుగుకు ఎవరూ చెప్పలేదు.

వంగడం మా ఊరికి కొత్త కాదు కాబట్టి మొదట్లో ఎవరమూ పట్టించుకోలేదు. నాట్లు వేసే ఆడవాళ్లు ఇంకా మడిలోనే ఉన్నామనుకున్నారు. పనుల మీద మండలానికి తిరిగే మగవాళ్లు ఇంకా ఆఫీసులోనే ఉన్నామనుకున్నారు. సర్పంచి తిరుపతి, ఎమ్మెల్యే గాని వచ్చాడేమోనని చుట్టూ వెతికాడు.

పంజాల సోమయ్య అడిగేదాకా మాకు తెలియలేదు. సోమయ్య ఒకప్పుడు తాళ్లెక్కి కల్లు గీసేవాడు. ఒకసారి తాటిచెట్టు మీది నుంచి పడితే వెన్నులో ఇనుప రాడ్డు వేశారు. అప్పటి నుంచి చెట్టెక్కలేడు, వంగలేడు. కల్లు మండువలో కూర్చుని అమ్ముతాడు. ఆ రోజు బజారుకొచ్చి మమ్మల్ని చూసి, "ఏందిరా, అందరు ఒక్కపారే ఏం పోగొట్టుకున్నరు?" అన్నాడు.

గొడుగుకు ఒకటే రూలు. దాని కింద నిటారుగా ఉండేవాడు చక్రవర్తి, మిగతావాళ్లు ప్రజలు. ఊరంతట్లో నిటారుగా ఉన్నది సోమయ్య ఒక్కడే కనుక గొడుగు గాలిలో మెల్లగా వచ్చి అతని తల మీద జానెడెత్తున ఆగింది. మర్నాడు గ్రామసభ పెట్టి ఆయన్ను చక్రవర్తిగా తీర్మానించాం. చేతులెత్తడం కుదరలేదు. చేతులు కిందికి వేలాడేసి ఆమోదించాం.

"నేను చక్రవర్తినేందే తిరుపతన్నా? అవతల నా కల్లు పులుస్తున్నది," అన్నాడు సోమయ్య.

"పులిస్తె పులవనియ్. రాడ్డు నీకే ఉండె మరి," అన్నాడు సర్పంచి, ఆయన చెప్పుల వైపు చూస్తూ.

ఊరు సర్దుకుంది. హోటలాయన టీ రేట్లు నేల మీద సుద్దతో రాశాడు. పింఛన్లిచ్చే పిల్ల ఫోటో తీసే ఫోను వెల్లకిలా కింద పెట్టి, ఒక్కొక్కరినీ దాని మీదుగా నడిపించింది. మనిషిని చెప్పులను బట్టి గుర్తుపట్టడం అలవాటైంది. ఒకేరకం చెప్పులు కొన్న వియ్యంకులిద్దరు ఒకరింట్లో ఒకరు అన్నం తిని వచ్చారు. తవ్వకాల శాఖ నుంచి ఒక ఆఫీసరు వచ్చాడు. ఊరి పొలిమేరలోనే వంగిపోయి, అలాగే సాయంత్రం దాకా కొలతలు తీసుకుని, "గ్రామంలో అసాధారణమేదీ కనిపించలేదు" అని రాసి వెళ్లాడు.

పైకి చూడగలిగేవాడు ఒక్కడే కనుక చక్రవర్తికి పని ఎక్కువైంది. వీధిలైట్లకు బల్బులు ఆయనే మార్చాలి. మామిడికాయలు ఆయనే తెంపాలి. మబ్బు పట్టిందో లేదో ఆయనే చెప్పాలి. ఆయన చెప్పకపోతే వాన నేల మీద పడ్డాకే మాకు తెలిసేది.

అసలు తిప్పలు నిద్రతో వచ్చాయి. ప్రజలన్నాక చక్రవర్తి తలకన్నా ఎవరి తలా పైన ఉండకూడదు. సోమయ్య కాస్త నడుం వాల్చగానే ఊరంతా ఎక్కడివాళ్లు అక్కడే బోర్లా పడేవాళ్లు. పొయ్యి మీద కూర మాడేది. బర్రె పాలు సగంలో ఆగేవి. పడుకునే ముందు మైకులో చెప్పాలని పంచాయతీ ఆయనకు సూచించింది.

ఆయన మంచం మీద పడుకుంటే భార్య ఐలవ్వ మంచం కింద పడుకునేది. ఒక మధ్యాహ్నం నులక సందుల్లోంచి మాట్లాడింది.

"ఏమయ్యా, నీ మొఖం ఎట్లుంటదో యాది మరిచిన. కాలిగోర్లయితె మస్తు యాదికున్నయ్."

"తిట్టరాదే ఒకపారి. నువ్వు తిట్టక ఎన్నొద్దులాయెనో."

"కిందికి జూసి తిడితె మట్టిని తిట్టినట్టుంటది. మనిషిని మొఖం జూసి తిట్టాలె."

సోమయ్యకు ఆ మాట నిద్ర పట్టనివ్వలేదు. ఊరు చాలాసేపు నేల మీదే ఉంది.

గొడుగు కాడకు పైన ఒక వెండి చీల ఉంది. దాన్ని లాగితే ముడుచుకుంటుంది. చెయ్యి పైకెత్తగలవాడే లాగాలి. సోమయ్య గ్రామసభలో ఆ మాటెత్తాడు.

"ఇప్పుడెట్ల ముడుస్తవ్?" అన్నాడు సర్పంచి. "నాట్లు నడుస్తున్నయి. వచ్చే నెల పెద్దసార్లు వస్తరు. మనోళ్లకు మంచిగ అలవాటైంది."

"నా పెండ్లాం మొఖం జూడాలె నేను," అన్నాడు సోమయ్య. చెయ్యెత్తి చీల లాగేశాడు.

గొడుగు టప్పున ముడుచుకుని కింద పడింది.

"ముడిచిన. లేవుండ్రి."

ఎవరమూ లేవలేదు. ఎవరో, "లేస్తె ఏమొస్తది సోమన్నా?" అని అడిగారు. హేళనగా కాదు, తెలుసుకుందామనే.

ఐలవ్వ ఒక్కతే లేచింది. ఎముకలు పటపటమన్నాయి. మొగుడి మొఖంలోకి చూసింది.

"ముసలోడివైనవు పో," అంది. సోమయ్య కళ్లు తుడుచుకుని నవ్వాడు.

తర్వాత ఆమె చుట్టూ చూసింది. ఈ కొస నుంచి ఆ కొస దాకా బోర్లించిన గంపల్లాగా వీపులే. పైట సవరించుకుంది.

"ఆడిదాన్ని, నేనొక్కదాన్నే గిట్ల నిలబడితె మంచిగుంటదా?" అని నెమ్మదిగా వంగింది.

గొడుగు ఇప్పుడు పంచాయతీ ఆఫీసులో మేకుకు వేలాడుతోంది. ఎండ ఎక్కువగా ఉన్నప్పుడు సర్పంచి టీకి పోతూ పట్టుకెళ్తాడు. తెరిచినా మూసినా మాకు తేడా తెలియదు.

నాట్లు అయిపోయాక సోమయ్య పట్నం ఆస్పత్రికి వెళ్లి రాడ్డు తీసెయ్యమన్నాడు. ఎందుకని డాక్టరు అడగలేదు. ఆయనా వంగే ఉన్నాడు. పట్నంలో గొడుగేదీ దొరికినట్టు మేము వినలేదు.

కుట్లు మానాక మొగుడూ పెళ్లామూ బస్సు దిగి పక్కపక్కన వంగి ఇంటికి నడిచారు. దోవలో ఐలవ్వ మెడ తిప్పి చూసింది. మొఖం పక్కనే, అందేంత దగ్గరలో ఉంది.

"సచ్చినోడా, గీ పని ముందే చెయ్యకపోతివా," అని తిట్టింది.

"మంచిగ కనపడుతున్నవే," అన్నాడు సోమయ్య.