‘హలో హలో’కి కాపీరైటు

కాపీరైటే లేకపోతే మన బతుకులు ఏమైపోయేవో ఎప్పుడైనా ఆలోచించారా? చరిత్ర అంతా వచ్చి ఫోన్లలో పడేది! కూరలు తరుగుతూ, బస్సు కోసం నిలబడి, క్షవరం చేయించుకుంటూ మహానాయకుల ఉపన్యాసాలు వినేసేవాళ్ళం. విన్నవాడు ఊరుకుంటాడా? ఆవేశం పట్టలేక సగం గడ్డంతోనే కుర్చీలోంచి లేచిపోతాడు. ‘ఈ వీడియో అందుబాటులో లేదు’ అన్న ఒక్క ముక్కే మనల్ని ఇన్ని ప్రమాదాల నుంచి కాపాడుతోంది.

జనం కోసం మాట్లాడిన మాట జనానిది కాదా అని కొందరు అడుగుతారు. ఎంత అమాయకత్వం! మాట్లాడినాయన మాట్లాడి వెళ్ళిపోయాడు, చప్పట్లు కొట్టినవాళ్ళు కొట్టి వెళ్ళిపోయారు. టేపులున్న పెట్టె ఎవరు కొనుక్కున్నారో చరిత్ర వాళ్ళది. నన్నడిగితే ఆనాడే చప్పట్లకి కూడా సంతకాలు తీసుకోవాల్సింది.

మా ఇంటి సంగతే చెబుతాను. మా పెదనాన్నకి మైకుసెట్టు ఉండేది. ఒక పెద్ద నాయకుడు మిల్లు గేటు ముందు కార్మికులకి ఇచ్చిన ఉపన్యాసం ఇప్పుడు పిల్లల పుస్తకాల్లో పాఠం. ఆ రోజు మైకు కట్టింది పెదనాన్నే. ఎవరో నెట్‌లో వీడియోగా పెట్టిన ఆ రికార్డింగులో మొదటి తొమ్మిది సెకన్లూ ఆయన గొంతే: “హలో... హలో... వెనకాల వాళ్ళకి వినబడుతోందా?”

ఆయన పోయి పదకొండేళ్ళయింది. జీవితమంతా ఊళ్ళోవాళ్ళ గొంతులు పెద్దవి చేసిన మనిషి, తన గొంతు ఇంకెక్కడా దాచుకోలేదు.

పెద్దమ్మకి ఉపన్యాసంతో పని లేదు. రోజూ పొద్దున్నే ఫోన్ చెవికి ఆనించుకుని ఆ తొమ్మిది సెకన్లూ వినేది. “ఆఁ, వినబడుతోంది” అని జవాబిచ్చి, నాయకుడు నోరు తెరవకముందే నొక్కి ఆపేసేది! చరిత్రకి ఇంతకన్నా అవమానం ఉంటుందా?

పోయిన నెల ఒక సంస్థవారు హక్కులన్నీ తమవేనని చెప్పి ఆ వీడియో తీయించేశారు. నాకు ఒళ్ళు పులకరించింది. పెద్దమ్మ మాత్రం ఫోన్ పాడైందనుకుని నాలుగు రోజులు రిపేరు షాపు చుట్టూ తిరిగింది. చూడలేక నేనే ఉత్తరం రాశాను: అయ్యా, మీ చరిత్ర మీరే ఉంచుకోండి, ముందున్న హలోలు మాత్రం ఇప్పించండి అని.

జవాబు చాలా మర్యాదగా వచ్చింది. ఒరిజినల్ టేపును ఆధునిక పద్ధతిలో శుభ్రం చేశారట. అందులో భాగంగా మొదట్లో ఉన్న ‘అనవసర శబ్దాలు’ తీసేశారట. పోనీ, పాత వీడియో తిరిగి పెట్టుకోవచ్చా అంటే కుదరదట. అందులోని ప్రతి శబ్దం మీదా, తీసేసిన వాటితో సహా, సర్వహక్కులూ వారివేనట!

చట్టమంటే నాకు గౌరవం. పెద్దమ్మని కూర్చోబెట్టి ఉత్తరంలో ప్రతి ముక్కా విడమరిచి చెప్పాను. ఓపిగ్గా అంతా విని అడిగింది:

“ఒరేయ్, వాళ్ళు పారేసిందే కదరా. పారేసింది నాకిచ్చేస్తే వాళ్ళకేం పోయింది?”

కాపీరైటు గొప్పతనం మీద ఎంతసేపైనా మాట్లాడగల నేను ఉత్తరం మళ్ళీ మొదటి నుంచి చదవడం మొదలుపెట్టాను. మీలో ఎవరికైనా జవాబు తెలిస్తే చెప్పండి. పెద్దమ్మ ఫోన్ పట్టుకుని అలాగే కూర్చుంది.